మిర్యాలగూడ: రెండు వీడియోల చరిత్ర

కారంచేడు (1985 జులై 17), చుండూరు (1991 ఆగస్టు 6) మారణకాండలను మనం కళ్లతో చూడలేదు. కరపత్రాలు చదివినం, పాటలు విన్నం, నిజనిర్ధారణ నివేదికలు తిరగేసినం. 2018 సెప్టెంబరు 14న మిర్యాలగూడలో ఆసుపత్రి ముందు జరిగిన పెరుమాళ్ల ప్రణయ్ హత్య అట్ల కాదు. సీసీ కెమెరా దృశ్యం టీవీల్లో, యూట్యూబ్‌లో ఆడింది. సూర్యాపేట, కోదాడ వాడల్లో మనోళ్లు దాన్ని అరచేతిల చూసిండ్రు.

యూట్యూబ్ పుట్టింది 2005లో. మన వాడలకు నిజంగా చేరింది మాత్రం 2016 సెప్టెంబరులో జియో వచ్చినంకనే. సూర్యాపేట జిల్లా అయింది ఆ తర్వాతి నెలల, అక్టోబరు 11న. జిల్లా కంటే ముందే వీడియో వచ్చిందన్నమాట!

ఇక్కడ రెండు వీడియోలున్నయి. మొదటిది, మాల కులస్తుడైన ప్రణయ్, వైశ్య కుటుంబంల పుట్టిన అమృత తమ పెండ్లి విందు కోసం తీయించుకుని ఫేస్‌బుక్‌ల పెట్టుకున్నది. దళితుల పెండ్లి ఊరేగింపును బజార్ల ఆపే కులానికి ఫోన్ల ఊరేగింపును ఆపే దారి దొరకలేదు. రెండోది కత్తివేటు. సాక్ష్యంగా అది అవసరమే. 2025 మార్చి 10న నల్లగొండ ప్రత్యేక కోర్టు సుభాష్ శర్మకు ఉరిశిక్ష, మరో ఆరుగురికి యావజ్జీవం వేసింది. కానీ కోర్టుకు చేరాల్సిన సాక్ష్యం ప్రకటనల నడుమ బొమ్మగా ఎందుకు ఆడింది? ఆ చావు మీద వచ్చిన పైసలు ఎవరివి? అమృత తండ్రి మారుతీరావును వెనకేసుకొచ్చిన గొంతులు కూడా అదే తెర మీద లేచినయి గదా.

ఈ వ్యాసం కోసం మొదటి వీడియోనే మళ్లీ చూసిన. రెండోది తెరవలేదు.