మరియ అను పేరు: దాని మూలము, అర్థము

మొయినాబాదు నుండి చేవెళ్లకు పోవు దారిలోని పెద్ద మర్రిచెట్లను మనమందరము ఎరుగుదుము. వాటిలో మొదటి మాను ఏదో, తరువాత నేల దిగిన ఊడ ఏదో చెప్పుట కష్టము. మన సంఘములలో మిక్కిలి వాడుకలోనున్న మరియ అను పేరును అట్టిదే.

కొన్ని యేండ్ల క్రిందట ఒక బాప్తిస్మపు ఆరాధనలో ఈ పేరునకు “చేదు” అని అర్థము చెప్పితిమి. వేదాంత కళాశాలలో మేము నేర్చినది అదే. ఆరాధన ముగిసిన పిమ్మట బిడ్డ అమ్మమ్మ వచ్చి, “అయ్యగారూ, నా పేరు గూడ మరియమ్మనే. మా అవ్వ నాకు చేదని పేరు పెట్టిందా?” అని అడిగినది. మాకు జవాబు తోచలేదు. ఈ వ్యాసమునకు ఆమె ప్రశ్నయే కారణము.

తెలుగు బైబిలులో మోషే అక్క మిర్యాము, ప్రభువు తల్లి మరియ. రెండును ఒకే పేరని మనవారిలో అనేకులకు తట్టదు. ఉర్దూ బైబిలు చదువువారికి ఈ చిక్కు లేదు; అందులో ఇద్దరును మర్యమే. హెబ్రీలో మిర్యాము, గ్రీకులో మరియమ్, లాటినులో మరియ, ఇంగ్లీషులో మేరీ అయినది. ఖుర్ఆను 19వ సూరాకు గూడ మర్యం అనియే పేరు. మన పొరుగింటి మర్యంబీ పేరును, మన మరియమ్మ పేరును ఒక్కటే. మారెమ్మ అను గ్రామదేవత పేరు మాత్రము వేరు. చెవికి ఒకటిగా తోచినంత మాత్రమున చుట్టరికము కలుగదు.

“చేదు” అను అర్థమును గూడ ఇట్టి పోలికనుండియే వచ్చినదని చెప్పవచ్చును. నిర్గమకాండము 15వ అధ్యాయములో మిర్యాము పాట ముగియగానే మారా అను చేదునీళ్ల సంగతి వచ్చును. అయితే పేరు చివరనున్న మకారమునకు ఈ అర్థము చాలదు. “మెరి” అనగా తిరుగుబాటు అని కొందరు, సంఖ్యాకాండము 12వ అధ్యాయమును తలచి చెప్పిరి. నాలుగవ శతాబ్దపు జెరోము “స్టిల్లా మారిస్”, అనగా సముద్రపు బిందువు అనెను. ప్రతులు వ్రాయువారి చేతిలో స్టిల్లా స్టెల్లాగా మారి, బిందువు నక్షత్రమైనదని పండితుల ఊహ. ఆమె ఐగుప్తులో పుట్టినది గనుక, ఆ భాషలో ప్రేమించుట అను అర్థముగల “మెర్” ధాతువే మూలమని మరికొందరి వాదము. తమ్ముడైన మోషే పేరు గూడ ఐగుప్తు మాటయేనని అనేకుల అభిప్రాయము. ఈ అర్థముల చరిత్రపైననే 1895లో ఒట్టో బార్డెన్‌హేవర్ అను జర్మను పండితుడు ఒక గ్రంథము వ్రాసెను. వివాదము నేటికిని తీరలేదు.

కావున మేము పీఠమునుండి నిశ్చయముగా చెప్పినది తొందరపాటే. ఆ పెద్దమ్మ ఇంటికి పోయి ఆ మాట ఒప్పుకొంటిమి. “మీ అవ్వ హెబ్రీ నిఘంటువు చూచి పేరు పెట్టలేదమ్మా, ప్రభువు తల్లిని తలచి పెట్టినది” అంటిమి. ఆమె నవ్వి, “అది నాకెరికే. మీకు ఎరికున్నదా అని అడిగిన” అన్నది.