ఓడను ఆపే హక్కు: విశాఖ కేసు చెప్పేదేమిటి?

2024 నవంబరు 29న కాకినాడ తీరంలో రేషన్ బియ్యం ఎగుమతి వ్యవహారంలో ఉప ముఖ్యమంత్రి పవన్ కల్యాణ్ ‘సీజ్ ద షిప్’ అన్న తర్వాత, ఓడను ఎవరు ఆపగలరు, ఏ అధికారంతో ఆపగలరు అన్న చర్చ తెలుగునాట బాగా నడిచింది. అది సరుకు అక్రమ రవాణా ఆరోపణకు సంబంధించిన విషయం. ఈ వ్యాసం పరిశీలించేది దానితో కలపకూడని మరో అధికారాన్ని: రావలసిన సొమ్ము కోసమో, జరిగిన నష్టం కోసమో బాధితుడు హైకోర్టుకు వెళ్లి ఓడను అరెస్టు చేయించడం. ఈ అరెస్టు వల్ల దక్కేదేమిటి, దక్కనిదేమిటి అన్నదే ఇక్కడి ప్రశ్న.

ఓడ యజమాని ఒక దేశంలో ఉంటాడు, ఓడ మీద ఎగిరే జెండా ఇంకో దేశానిది, నడిపించే సంస్థ మూడో దేశంలో ఉండవచ్చు. వీటన్నిటిలో మన కోర్టు చేతికి అందేది చాలాసార్లు రేవులో నిలిచిన ఓడ ఒక్కటే. అందుకే అడ్మిరాలిటీ (నౌకా వ్యవహారాల) చట్టం ఓడనే ప్రతివాదిగా నిలబెట్టి దావా వేయనిస్తుంది.

విశాఖ రేవులో మొదలైన కేసు

మన దేశంలో ఈ చట్టం రూపురేఖలు మార్చిన ‘ఎం.వి. ఎలిజబెత్’ కేసు మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టులోనే పుట్టింది. గ్రీసులో వ్యాపారం చేస్తున్న విదేశీ కంపెనీకి చెందిన ఈ ఓడ 1984 ఫిబ్రవరి 8న గోవాలోని మార్మగోవా రేవు నుంచి సరుకుతో బయలుదేరింది. సరుకు పంపిన గోవా కంపెనీ కోరిన బిల్ ఆఫ్ లేడింగ్ (సరుకు ఓడకెక్కినట్టు ఇచ్చే పత్రం) ఇవ్వకుండానే వెళ్లిపోయింది. కొనుగోలుదారు డబ్బు చెల్లించలేదు, సరుకు అప్పగించవద్దని కంపెనీ చెప్పినా గమ్యస్థానంలో అప్పగించేశారన్నది వాది ఫిర్యాదు. అదే ఓడ 1984 ఏప్రిల్ 13న విశాఖపట్నం రేవుకు వచ్చినప్పుడు హైకోర్టు ఉత్తర్వుతో అరెస్టయింది. యజమాని రూ.14.25 లక్షల బ్యాంకు గ్యారంటీ ఇచ్చాక విడుదలైంది.

యజమాని లేవనెత్తిన అభ్యంతరం అధికార పరిధి గురించి. బ్రిటిష్ పార్లమెంటు చేసిన 1861 నాటి చట్టం రేవులోకి వచ్చే సరుకు గురించే మాట్లాడింది, బయటికి వెళ్లే సరుకు గురించి కాదు. 1890, 1891 చట్టాలతో మన హైకోర్టులకు వచ్చిన అధికారం అంతకు మించదన్నది వాదన. 1992 ఫిబ్రవరి 26న సుప్రీంకోర్టు న్యాయమూర్తులు టి.కె. థొమ్మెన్, ఆర్.ఎం. సహాయ్ ఈ వాదనను తోసిపుచ్చారు. హైకోర్టులు రాజ్యాంగం గుర్తించిన ఉన్నత రికార్డు న్యాయస్థానాలు, వాటి అధికారం వలస పాలకుల చట్టం దగ్గర గడ్డకట్టి ఆగిపోలేదని తేల్చారు.

ఈ తేదీలను జాగ్రత్తగా చదవాలి. వాదికి పూచీకత్తు ముందే దొరికింది. అసలు ఆ కోర్టుకు విచారించే అధికారం ఉందా అన్న ప్రశ్న తేలడానికి దాదాపు ఎనిమిదేళ్లు పట్టింది. ఒక్క కేసుతో అన్ని కేసుల తీరూ చెప్పలేం. కానీ అరెస్టు చేసే పని తీర్పు ఇవ్వడం కాదని, తీర్పు వచ్చేనాటికి వసూలుకు ఏదో ఒకటి మిగిలి ఉండేలా చూడటమేనని ఈ కేసు స్పష్టంగా చూపిస్తోంది.

2017 చట్టం

పార్లమెంటు 2017లో చేసి, 2018 ఏప్రిల్ 1 నుంచి అమలులోకి తెచ్చిన అడ్మిరాలిటీ చట్టం ఆ పాత వలస చట్టాలను రద్దు చేసింది. తీరప్రాంత రాష్ట్రాల హైకోర్టులకు ఈ అధికారాన్ని స్పష్టంగా ఇచ్చింది. ఢీకొన్న నష్టం, సరుకు నష్టం, తాకట్టు, మరమ్మతుల బాకీ, రేవు రుసుములు, సిబ్బంది జీతాలు వంటి క్లెయిములను వరసగా పేర్కొంది. యుద్ధనౌకలనూ, వ్యాపారేతర ప్రభుత్వ నౌకలనూ మినహాయించింది.

అరెస్టు ఉత్తర్వు వచ్చాక వారంటు ప్రతిని ఓడ మీద అందరికీ కనబడేలా అంటిస్తారు. ఓడ మాస్టరుకు (కెప్టెన్‌కు), రేవు అధికారులకు, కస్టమ్స్‌కు తెలియజేస్తారు. పోర్టు క్లియరెన్సు ఆగిపోతుంది కాబట్టి ఓడ లంగరు ఎత్తడానికి వీల్లేదు. యజమాని బ్యాంకు గ్యారంటీ ఇస్తేనో, సొమ్ము కోర్టులో జమ చేస్తేనో వదులుతారు. ఎవరూ ముందుకు రాకపోతే కోర్టు ఓడను వేలం వేయవచ్చు. అన్యాయంగా అరెస్టు చేయించినట్టు తేలితే నష్టపరిహారం కడతానని వాది దగ్గర ముందే హామీ తీసుకునే వీలు కూడా ఈ చట్టంలో ఉంది.

అడిగినంతా పూచీకత్తుగా రాదు. 2025 మే 25న కేరళ తీరంలో ఎం.ఎస్.సి. ఎల్సా 3 అనే ఓడ మునిగిపోయింది. కేరళ ప్రభుత్వం రూ.9,531 కోట్లకు దావా వేసింది. మునిగిన ఓడను అరెస్టు చేయలేరు కనుక, విళింజంలో ఉన్న, అదే యాజమాన్యం కిందిదిగా చూపిన సోదర నౌక అకితెతా 2ను కేరళ హైకోర్టు అరెస్టు చేయించింది. తర్వాత పూచీకత్తును సుమారు రూ.1,228 కోట్లకు తగ్గించింది. ఇది తుది నష్టపరిహారం లెక్క కాదు. క్లెయిము ఎంత పెద్దదైనా, దానికి ప్రాథమిక ఆధారం ఎంతుందో కోర్టు తూచి చూస్తుందని మాత్రం దీన్నిబట్టి చెప్పవచ్చు.

జీతాల సంగతి

ఈ చట్టంలో నన్ను అన్నిటికంటే కదిలించేది నావికుల స్థానం. ఓడ అమ్మితే వచ్చిన సొమ్ములో తాకట్టు పెట్టుకున్న బ్యాంకు కంటే మారిటైమ్ లియన్ (ఓడ మీదే నేరుగా ఉండే వసూలు హక్కు) ఉన్నవాళ్లు ముందు. ఆ లియన్లలోనూ మొదటి వరస సిబ్బంది జీతాలది, వాళ్లు ఇల్లు చేరే ఖర్చులది. ఓడ చేతులు మారినా, జెండా మారినా ఈ హక్కు ఓడను అంటిపెట్టుకునే ఉంటుంది.

అయితే కాగితం మీది ఈ అగ్రస్థానానికి రెండు హద్దులున్నాయి. జీతం రావలసిన రోజు నుంచి రెండేళ్లలోపు ఓడ అరెస్టు కాకపోతే లియన్ పోతుంది. అమ్మిన ఓడకు వచ్చిన ధర కంటే ఎక్కువ ఎవరికీ దక్కదు. చట్టం బలంగా ఉన్నంత మాత్రాన నావికుడి చేతికి డబ్బు వస్తుందని అనలేం. వేళకు కోర్టుకు చేరడం, రాతపూర్వక ఆధారం ఉండటం కూడా అంతే ముఖ్యం.

అందుకే ఉత్తరాంధ్ర తీరం నుంచి ఓడల్లో పనికి వెళ్లే కుర్రాళ్లకూ, వాళ్ల ఇంట్లోవాళ్లకూ ఒక విన్నపం. ఉద్యోగ ఒప్పందం, జీతం చీటీలు, సీడీసీ (నావికుడి గుర్తింపు, సర్వీసు పుస్తకం) నకళ్లు ఇంటి దగ్గర ఒక సెట్టు ఉంచండి. జీతం ఆగిన మొదటి నెలలోనే న్యాయవాదిని కలవండి. రెండేళ్ల గడువు దాటితే ఆ మొదటి వరస హక్కు తిరిగి రాదు.