పేదబాలురు - చెన్నపురి అన్నఋణము

చెన్నపురి ఆంధ్రుల చరిత్ర యనగానే దుబాసీలు, వర్తకులు, వారు కట్టించిన సత్రములు మనకు స్ఫురించును. పల్లెలలో పేదరికమున పెరిగి, ఈ నగరమున వృద్ధిలోనికి వచ్చిన బాలురను మనము స్మరించుట తక్కువ.

1876-78 నాటి మహాక్షామము మదరాసు రాజధానిలో లక్షలకొలది ప్రాణములను బలిగొనెను. 1877లో కరవుపనికి వచ్చిన పురుషునకు ప్రభుత్వము ఏర్పరచిన దినవేతనము ఒక పౌను ధాన్యము, ఒక అణా మాత్రమే. ఆ కాలమున ఒంగోలు ప్రాంతమున ఇరువురు బాలురు పెరుగుచుండిరి.

1872లో వినోదరాయునిపాలెమున జన్మించిన టంగుటూరి ప్రకాశముగారు పదునొకండవ యేట తండ్రిని గోల్పోయిరి. తల్లి సుబ్బమ్మగారు ఒంగోలులో పూటకూళ్ళయిల్లు నడపి బిడ్డలను సాకిరి. లోకము ఆ వృత్తిని చులకనగా జూచెను. కాని ఆమె బిడ్డను పెంచినది ఆ వృత్తియే. ఇమ్మానేని హనుమంతరావు నాయుడుగారను ఉపాధ్యాయులు ఆ బాలుని రాజమహేంద్రవరమునకు వెంట గొనిపోయి చదువునకు తోడ్పడిరి. ఆ బాలుడే 1928లో సైమను సంఘ బహిష్కరణనాడు చెన్నపురి వీథిలో తుపాకుల కెదురుగా రొమ్ము చూపెను. 1946లో మదరాసు రాష్ట్ర ప్రధానమంత్రి యయ్యెను.

1875లో ఇనమనమెళ్ళూరున పేదయింట బుట్టిన కె. ఎన్. కేసరిగారు బాల్యముననే చెన్నపురి చేరి, కష్టించి, కేసరి కుటీరమను ఔషధశాలను నెలకొల్పిరి; 1928లో స్త్రీలకై 'గృహలక్ష్మి' పత్రికను స్థాపించిరి. తమ బాల్యమును 'నా చిన్ననాటి ముచ్చట్లు' అను గ్రంథమున వ్రాసిరి.

వీరి వృద్ధికి స్వశక్తి యొక్కటియే చాలెనని మనము తలపరాదు. ఎవరో ఒకరు అన్నము పెట్టిరి, ఎవరో ఒకరు చేయిపట్టి నడిపించిరి. ఆనాడు పేదవిద్యార్థులు వారములు చేసికొని, దినమున కొక యింట భుజించి చదివెడివారు. అయితే ఆ గడపలు అందరికిని తెరువబడలేదు. పశువులు గాచు బాలునకు వారము దొరకుట అరుదు. వాని చెల్లెలికి బడియే లేదు.

ఈ కొరతను తీర్చుటకు తొలియడుగు వేసినవారిలో మన సర్ పిట్టి త్యాగరాయశెట్టిగారు ఒకరు. వారు నగరపాలక సంఘాధ్యక్షులుగా నున్నపుడు, 1920లో, థౌజండ్ లైట్స్ పాఠశాలలో బాలురకు మధ్యాహ్న భోజనము మొదలయ్యెను. ఒక్కొక్కరికి దినమునకు అణాకు మించరాదని నియమము. ఒకరి దయపై దొరకు అన్నము అట్లు బడిలోనే దొరకు అన్నమయ్యెను.

పేదపల్లెలు నేటికిని ఈ నగరమునకు మనుష్యులను పంపుచునే యున్నవి. 2014లో మౌలివాక్కమున భవనము కూలి మరణించిన 61 మందిలో శ్రీకాకుళ, విజయనగర ప్రాంతముల కూలీలును గలరు. అట్టివారి బిడ్డలకు అన్నమును, అక్షరమును అందించుట ఇచ్చట స్థిరపడిన మనము తీర్పవలసిన ఋణము.