బొమ్మ కింద పేరు

పాత ఆల్బమ్ తిరగేస్తూ "ఈవిడెవరే?" అని అడగని ఇల్లుంటుందా? మొహం ఉంటుంది, పేరుండదు. చెప్పగల పెద్దవాళ్ళు పోయాక ఆ మొహం ఎవరిదీ కాకుండా పోతుంది. చిత్తప్రసాద్ గీసిన బొమ్మలు చూసినప్పుడల్లా నాకిదే గుర్తొస్తుంది.

1943 బెంగాల్ కరువు గురించి పాఠంలో నాలుగు ముక్కలు చదివి, పరీక్ష రాసి మర్చిపోయినవాళ్ళమే మనమంతా. దాదాపు 30 లక్షల మంది పోయారని అంచనా. ఒకవంక యుద్ధం, బర్మా బియ్యం ఆగిపోవడం, దొంగ నిలవలు. మరోవంక, దీన్ని కరువని చట్టప్రకారం ప్రకటించడానికైనా మనసొప్పని ప్రభుత్వం! మిడ్నపూర్ జిల్లాను అంతకు ముందేడాది అక్టోబరులో తుఫాను ఊడ్చేసింది కూడాను.

ఆ నవంబరులో చిత్తప్రసాద్ మిడ్నపూర్ పల్లెలు పట్టుకు తిరిగాడు. అప్పటికతనికి 28 ఏళ్ళు. చేతిలో కాగితాలు, కలం, సిరా. కమ్యూనిస్టు పార్టీ పత్రికకి బొమ్మలు పంపేవాడు. కలకత్తా వీధుల్లో జైనుల్ ఆబెదిన్ చవకరకం కాగితాల మీద నల్లసిరాతో గీసిన కరువు బొమ్మలూ గొప్పవే. సునీల్ జానా ఫోటోల సంగతి చెప్పనే అక్కర్లేదు. కానీ నన్ను పట్టుకున్నది చిత్తప్రసాద్ చేసిన ఓ చిన్నపని. చాలా బొమ్మల పక్కన ఆ మనిషి పేరు, ఊరు రాసిపెట్టాడు.

పేరు రాయాలంటే అడగాలి కదా! అడగాలంటే ఎదురుగా కూర్చోవాలి. పొలం పోయి, ఒంటిమీద నగా పోయి, చివరికి వంటింట్లో గిన్నెలు కూడా అమ్ముకున్న ఆడదాన్ని "నీ పేరేంటమ్మా?" అని అప్పటికెవరు అడిగుంటారు? గంజి కోసం వరసలో నించున్నవాళ్ళని లెక్కపెడతారు గానీ, పేర్లెవరిక్కావాలి?

ఆ బొమ్మల్నీ, తను చూసిన సంగతుల్నీ కలిపి 'హంగ్రీ బెంగాల్' అని పుస్తకం వేశాడు. 5,000 ప్రతులు. ప్రభుత్వం వాటిని పట్టుకుని తగలబెట్టించింది. బొమ్మలకే అంత భయపడ్డారంటే నాకు కొంచెం నవ్వు కూడా వస్తుంది.

చిత్తప్రసాద్ 1978లో పోయాడు. ఒక్క ప్రతి మాత్రం వాళ్ళ కుటుంబం దగ్గర, బ్యాంకు లాకరులో మిగిలింది. మనం నగలు దాచుకునే చోట, వాళ్ళు దాన్ని దాచుకున్నారు. దాన్ని చూసే 2011లో ఢిల్లీలో మళ్ళీ ఉన్నదున్నట్టు అచ్చువేశారు, బొమ్మలతో, పేర్లతో సహా.