హాస్సె ఎక్‌మన్

హాస్సె ఎక్‌మన్ (1915–2004) స్వీడన్ నటుడు, చిత్ర రచయిత, దర్శకుడు. స్టాక్‌హోమ్‌లో పుట్టారు. తండ్రి యోస్తా ఎక్‌మన్ పేరుమోసిన నటుడు. 1936 నాటి 'ఇంటర్‌మెజో'లో తండ్రీకొడుకులిద్దరూ ఇంగ్రిడ్ బెర్గ్‌మన్‌తో కలిసి నటించారు. 1940ల నుంచి నలభై దాకా చిత్రాలు తీశారు. వాటిలో చాలావరకు తేలికపాటి వినోద చిత్రాలే. ఆయన అసలు స్థాయి తెలియాలంటే 'ఫ్లికా ఓక్ హ్యాసింతర్' (1950) చూడాలి. ఇందులో, ఆత్మహత్య చేసుకున్న ఒక యువతి అలా ఎందుకు చేసిందో, పొరుగింటి రచయిత ఆమెను ఎరిగినవారిని ఒక్కొక్కరినీ కలిసి ఆరా తీస్తాడు. ఒకరు చెప్పింది మరొకరు చెప్పినదానితో పొసగదు. నాయిక ఎవా హెన్నింగ్ అప్పట్లో ఆయన భార్య. సమకాలికుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ తీసిన 'ఫెంగెల్సె' (1949)లో, తగినట్టుగానే, ఎక్‌మన్ సినిమా దర్శకుడి పాత్రే వేశారు. 1960లలో చిత్రరంగం వదిలి స్పెయిన్ చేరిన ఎక్‌మన్, అక్కడి మార్బెయాలోనే కన్నుమూశారు.