తొలికోడి నుంచి మొదటి షిఫ్టు దాకా

గడియారాలు రాకముందు జనగామ, మానుకోట, భూపాలపల్లి పల్లెల్లో రాత్రిని జాముల్లో లెక్కించేవారు. రాత్రికి నాలుగు జాములు, జాముకు మూడు గంటలు. నాలుగో జాములో తొలికోడి కూసిందంటే ఇంటి ఆడవాళ్లు లేచే వేళ. వాకిలి ఊడ్చి, పేడ కలిపిన నీళ్లతో సానుపు చల్లి, తడి ఆరకముందే ముగ్గు వేసేవారు. తడినేల దుమ్మును అణుస్తుంది, పిండిని పట్టి ఉంచుతుంది. ముగ్గు పడని వాకిలిని చూస్తే ఆ ఇంట్లో చావు జరిగిందనో, మైల ఉందనో ఊరికి అర్థమయ్యేది. మగవాళ్లు వేపపుల్ల నములుతూ బావి దారి పట్టేవారు. పొద్దు పొడవగానే సూర్యుడికి దండం పెట్టి, జొన్న గటుకో అంబలో తాగి పనికి కదిలేవారు.

వేకువ పాట కూడా ఈ ప్రాంతంలో పాతదే. పాలకుర్తికి చెందిన పాల్కురికి సోమనాథుడు ‘పండితారాధ్య చరిత్ర’లో, శ్రీశైలం చేరిన భక్తులు పాడిన పాటల్లో తుమ్మెద పదాలు, వెన్నెల పదాల సరసన ప్రభాత పదాలనూ చేర్చాడు. 15వ శతాబ్దంలో ప్రతివాది భయంకర అణ్ణన్ వేంకటేశ్వర సుప్రభాతం రచించడానికి చాలా ముందటి మాట ఇది.

అయితే వేకువ అందరికీ ఒకేలా తెల్లవారలేదు. నిజాం కాలంలో జనగామ నల్లగొండ జిల్లాలో తాలూకా. విసునూరు దేశ్‌ముఖ్ రాపాక రామచంద్రారెడ్డి పెత్తనం కింద వృత్తికులాలవారు, దళితులు కూలి లేకుండా వెట్టి చేయాల్సి వచ్చేది. దొర ఉండే కోటలాంటి ఇల్లు, గడీ ముందు ఊడ్చి, నీళ్లు మోసి, బట్టలు ఉతికాకే సొంత పని. సొంత వాకిట్లో శుభమనుకున్న పనే గడీ వాకిట్లో బానిసత్వమైంది. ఈ తేడాను పక్కనపెట్టి ఇక్కడి పొద్దుటి ఆచారాల చరిత్ర రాస్తే అది సగం చరిత్రే. 1944లో భువనగిరి ఆంధ్ర మహాసభ తర్వాత వెట్టికి ఎదురుతిరగడం ఊరూరా పాకింది. 1946 జులై 4న కడవెండిలో ఈ పెత్తనాన్ని ఎదిరించిన దొడ్డి కొమరయ్య దేశ్‌ముఖ్ మనుషుల తుపాకీ కాల్పుల్లో చనిపోయాడు. పాలకుర్తిలో చాకలి ఐలమ్మ తాను సాగుచేసిన భూమిని, పంటను దొర వశం కానివ్వలేదు.

భూపాలపల్లిలో సింగరేణి గనులు తెరిచాక పొద్దుటి వేళను షిఫ్టు నిర్ణయించింది. కార్మికుడు టిఫిన్ డబ్బాతో గనికి చేరి, మస్టర్ (హాజరు) వేయించుకుని, ల్యాంప్ రూంలో టోపీ దీపం తీసుకుంటాడు. మైసమ్మకు మొక్కి గని లోపలికి దిగుతాడు. మానుకోట వైపు మిర్చి ఏరే రోజుల్లో కూలీలు తెల్లవారకముందే సద్ది కట్టుకుని ఆటోల్లో బయలుదేరుతారు.

ఇప్పుడు వాకిళ్లు సిమెంటువి, పశువులు తక్కువ. పేడకు బదులు కొన్నిచోట్ల ఆకుపచ్చ రంగు పొడి కలిపి చల్లుతున్నారు. అది కడుపులోకి పోతే ప్రాణాల మీదికి వస్తుంది, పిల్లలున్న ఇంట్లో ఉంచకూడదు. పేడ దొరకనినాడు వట్టి నీళ్లు చల్లి ముగ్గేస్తే చాలు.