భటార్‌ఖానాలో ఆడవాళ్ళ గదులు

బొంబాయి అపోలో బందరు ఒడ్డున 1903 డిసెంబర్ 16న తాజ్‌మహల్ హోటల్ తెరుచుకుంది. దాని ఎదుట ఇప్పుడు మనం చూసే గేట్‌వే ఆఫ్ ఇండియా అప్పటికి లేదు, అది 1924లో వచ్చింది. ఈ హోటల్ పుట్టుక గురించి అందరికీ తెలిసిన కథ ఒకటుంది. ‘యూరోపియన్లకు మాత్రమే’ అన్న వాట్సన్ హోటల్లో జంషెడ్‌జీ టాటాని రానివ్వలేదట, ఆ అవమానానికి జవాబుగా ఆయన ఇది కట్టాడట. చరిత్రకారుల్లో కొందరు ఈ కథను ఒప్పుకోరు. 1896లో మొదలైన ప్లేగుతో పేరు చెడిన నగరానికి మళ్ళీ కళ తేవాలనుకోవడమే అసలు కారణమంటారు. అయినా మొదటి కథే నిలిచింది. గాయపడ్డ మగవాడి ఆత్మగౌరవం, దానికి ప్రతీకారంగా లేచిన కట్టడం... జాతి కథగా చెప్పుకోవడానికి బాగా కుదిరింది.

ఈ పుట్టుక కథలో ఆడగొంతు ఒక్కచోటే వినిపిస్తుంది. బెంగుళూరులో విజ్ఞాన సంస్థ, ఎక్కడో ఉక్కు కర్మాగారం అంటూ తిరిగే అన్నదమ్ముడు ఇప్పుడు హోటల్ కూడా కడతానంటే, జంషెడ్‌జీ అక్కచెల్లెళ్ళలో ఒకావిడ ‘భటార్‌ఖానా’ పెడతావా అని ఎకసెక్కమాడిందని టాటాల జీవితచరిత్రలు రాశాయి. ఆవిడ ఎవరో ఆ కథ చెప్పేవాళ్ళు పట్టించుకోరు. దూరదృష్టి లేని ఆడమనిషి మాటగా దాన్ని వాడుకుని వదిలేస్తారు.

భటార్‌ఖానా అంటే మన పూటకూళ్ళ ఇల్లే. ఈ మాట వినగానే తెలుగువాళ్ళకి ‘కన్యాశుల్కం’ గుర్తొస్తుంది. తాజ్ తెరవడానికి ఆరేళ్ళ ముందు, 1897లో అచ్చయిన ఆ నాటకంలో పూటకూళ్ళమ్మ ఒక వితంతువు. పదిమందికి వండిపెట్టి తన బతుకు తాను బతుకుతుంది. డబ్బు తీసుకుని అన్నం పెట్టడం ఆడదాని పనిగా ఉన్నంతకాలం అది నవ్వులాటగానూ, కొంత అనుమానంగానూ ఉంది. అదే పనికి గుమ్మటం, జర్మన్ లిఫ్టులు, అమెరికా ఫాన్లు, ఇంగ్లీషు బట్లర్లు వచ్చి చేరాక అది మగవాడి దార్శనికత అయింది. టాటాల ఆడపడుచు వేళాకోళంలో ఉన్న వర్గాహంకారాన్ని కాదనలేం. కానీ ఆ హోటల్ గొప్పతనం దేన్ని మరిపించిందో ఆ ఒక్క మాట గుర్తుచేస్తుంది.

ఇంతకీ ఆ గదుల్లోకి ఆడవాళ్ళు ఏ దారిన వచ్చారు? ఇద్దరి గురించి చెప్తాను. ఇద్దరికీ హైదరాబాదుతో సంబంధం ఉంది.

సరోజినీ నాయుడికి హైదరాబాదులో ఇల్లుంది, డాక్టరైన భర్త, నలుగురు పిల్లలు ఉన్నారు. 1917 తర్వాత ఆవిడ రాజకీయ జీవితం చాలావరకు బొంబాయి కేంద్రంగా నడిచింది. తాజ్‌లో ఆవిడ గది నాయకులకీ, విద్యార్థులకీ, కవులకీ కచేరీ చావడిలా ఉండేదని ఆనాటి వాళ్ళు జ్ఞాపకాల్లో రాసుకున్నారు. పరదాలూ, వంటిల్లూ, బంధువుల రాకపోకలూ ఉండే ఇంట్లో ఒక స్త్రీ ఇంతమంది పరాయి మగవాళ్ళతో కూర్చుని రాజకీయం మాట్లాడటం ఆ రోజుల్లో అంత తేలిక కాదు. హోటల్ గదిలో ఆవిడ ఎవరి కోడలూ కాదు, ఎవరి ఇంటి ఇల్లాలూ కాదు. 1925లో కాన్పూరు కాంగ్రెస్‌కి అధ్యక్షురాలైన మనిషికి అద్దెగది ఇచ్చిన వెసులుబాటుని మన స్వాతంత్ర్యోద్యమ చరిత్రలు విలాసం కింద జమకట్టి నవ్వేసి ఊరుకున్నాయి. మగ నాయకుల బంగళాలకు ఆ లెక్క ఎందుకు వర్తించలేదు?

రెండో ఆవిడ రత్తీ పెటిట్. బొంబాయి మిల్లు యజమాని సర్ దిన్షా పెటిట్ కూతురు. 1918లో పద్దెనిమిదేళ్ళు నిండగానే పుట్టిల్లు వదిలి, మతం మారి, తనకన్నా ఇరవై ఏళ్ళకి పైగా పెద్దవాడైన మహమ్మదాలీ జిన్నాని పెళ్ళాడింది. పుట్టింటి తలుపులూ, పార్సీ సమాజం తలుపులూ మూసుకుపోయాయి. పదేళ్ళు తిరక్కుండానే, 1928లో, భర్త ఇల్లు కూడా వదిలి తాజ్‌లో గది తీసుకుంది. 1929 ఫిబ్రవరి 20న, తన ఇరవై తొమ్మిదో పుట్టినరోజునే చనిపోయింది. ఆవిడ మనసు మనకి తెలిసేది ముఖ్యంగా సరోజిని కూతుళ్ళు పద్మజ, లీలామణిలకు రాసిన ఉత్తరాల వల్ల. ఆ ఉత్తరాల ఆధారంగానే షీలా రెడ్డి 2017లో ‘మిస్టర్ అండ్ మిసెస్ జిన్నా’ రాసింది. హైదరాబాదులో ఒక స్నేహితురాలు కాగితాలు పారేయకుండా దాచింది కాబట్టి రత్తీ దేశవిభజన కథలో అడుగుపీటికగా మిగిలిపోలేదు.

ఒకే కప్పు కింద ఒకరికి గది అంటే స్వేచ్ఛ, ఇంకొకరికి వెళ్ళడానికి మరో చోటు లేకపోవడం. డబ్బున్న స్త్రీకి కూడా పుట్టిల్లు, అత్తిల్లు కాని మూడో చోటు హోటలే అయిందంటే, డబ్బులేని స్త్రీల సంగతి వేరే చెప్పక్కర్లేదు.

ఇక ఆ గదుల్ని నడిపేవాళ్ళు. 2008 నవంబర్ 26 నుంచి 29 దాకా సాగిన దాడిలో తాజ్‌లో 31 మంది చనిపోయారు. వారిలో పదకొండు మంది అక్కడి సిబ్బంది. ఆహార రచయిత్రి, పాత్రికేయురాలు సబీనా సెహగల్ సైకియా అక్కడే ప్రాణాలు కోల్పోయింది. ఆ రాత్రి ఇరవై నాలుగేళ్ళ బాంక్వెట్ మేనేజర్ ఒకమ్మాయి తన హాల్లో ఉన్న అతిథుల్ని తలుపులు మూయించి, దీపాలు ఆర్పించి, తెల్లవారేదాకా ధైర్యం చెప్తూ కాపాడింది. 2011లో హార్వర్డ్ బిజినెస్ రివ్యూ ఈ సంఘటనని వివరంగా చర్చించింది. సంస్థ మనుషుల్ని ఎంచుకునే పద్ధతి, ఇచ్చే శిక్షణ, అతిథిసేవా సంస్కృతి – వీటి ఫలితమే ఆ సాహసం అని తేల్చింది. ఆ పొగడ్త చదివితే నాకు మన ఇళ్ళు గుర్తొస్తాయి. కోడలు ఓర్పుగా ఉంటే ఆ పేరు పెంపకానికే పోతుంది. క్షణాల మీద ఆలోచించి నిర్ణయం తీసుకున్న తెలివి ఆ అమ్మాయిది. దాన్ని ఆమె ఖాతాలో రాయడానికి యాజమాన్య శాస్త్రానికి కూడా మాటలు చాల్లేదు.

కాలిపోయిన పాత భాగం 2010 ఆగస్టు 15న మళ్ళీ తెరుచుకుంది. ఆ గుమ్మటాన్ని జాతి పట్టుదలకు గుర్తుగా చూపించారు. అవమానంతో మొదలైన కథ ఇలా పట్టుదలతో ముగిస్తే పుస్తకానికి బాగానే ఉంటుంది. కానీ అద్దె కట్టి ఆ గదుల్లో ఊపిరి పీల్చుకున్న స్త్రీలూ, జీతానికి ఆ పక్కలు సర్దిన స్త్రీలూ ఆ కథలోకి రావాలంటే, వెక్కిరించిన ఆ ఆడపడుచు దగ్గర్నించీ మళ్ళీ రాసుకు రావాలి.